ఇద్దరు మొగిలయ్యల సంగతి: మంత్రి దుర్గేష్ గారికి

రాష్ట్ర పర్యాటక, సాంస్కృతిక, సినిమాటోగ్రఫీ మంత్రి కందుల దుర్గేష్ గారికి,



2021 సెప్టెంబరులో ‘భీమ్లా నాయక్’ టైటిల్ పాట వచ్చింది. దాన్ని ఎత్తుకున్నది కిన్నెర పట్టుకున్న ఒక పెద్దాయన. వేషమేమీ కట్టలేదు. నాగర్‌కర్నూల్ జిల్లా దర్శనం మొగిలయ్య తెరమీదా దర్శనం మొగిలయ్యే. వెదురు బొంగుకి సొరకాయ బుర్రలు బిగించిన పన్నెండు మెట్ల కిన్నెర మీద పండుగ సాయన్న కథ పాడే డక్కలి కళాకారుడాయన. ఆ సినిమా హీరో, ఇప్పటి మన ఉప ముఖ్యమంత్రి పవన్ కల్యాణ్ ఆయనకి 2 లక్షలు ఇచ్చారు. 2022లో పద్మశ్రీ వచ్చింది. తెలంగాణ ప్రభుత్వం ఇంటి స్థలం, కోటి రూపాయలు ప్రకటించింది.

2024 మే నెలలో అదే మనిషి హైదరాబాద్ శివారు తుర్కయంజాల్‌లో ఇల్లు కట్టేచోట కూలిపని చేస్తూ కనబడ్డారు. ప్రభుత్వం నుంచి నెలనెలా వచ్చే 10 వేలు ఆగిపోయాయని ఆయనే చెప్పారు. వార్త వచ్చాక మళ్లీ పరామర్శలు, ఫొటోలు మామూలే.

ఇంకో మొగిలయ్య ఉన్నారు. 2023 మార్చిలో వచ్చిన ‘బలగం’ చివర్లో భార్య కొమురమ్మతో కలిసి పాడి ఊళ్లకి ఊళ్లని ఏడిపించిన పస్తం మొగిలయ్య. చావు జరిగిన ఇంట పోయినవాళ్ల కథ చెప్పడమే ఆ బుడగజంగాల దంపతుల వృత్తి. సినిమాలోనూ అదే చేశారు. కిడ్నీలు చెడిపోయి, డయాలసిస్ మీద నెట్టుకొచ్చి, 2024 డిసెంబరు 19న వరంగల్‌లో ఆయన కన్నుమూశారు.

ఆదుకున్నవాళ్లు లేరని కాదు. అయితే దయతో ఇచ్చేది వేరు, పనికి రావాల్సింది వేరు. 2012లో సవరించిన కాపీరైటు చట్టం పాట రాసినవారికి, బాణీ కట్టినవారికే కాదు, ప్రదర్శించినవారికీ రాయల్టీ ఉందంటోంది. ఊరి కళాకారుడికి ఆ ముక్క చెప్పేదెవరు?

2019లో మీరు పోటీ చేసిన రాజమండ్రి రూరల్‌లోదే మా కడియం. ఇక్కడి నర్సరీల సంగతి మీకు చెప్పక్కర్లేదు. లారీ ఎక్కే మొక్కకి బిల్లులో పేరుంటుంది. షూటింగుకి కెమెరా వచ్చినప్పుడు వెనకాల అంట్లు కడుతూ కనబడే మనిషి పేరు ఎక్కడా ఉండదు.

అందుకని ఒక్క విన్నపం. షూటింగుకి అనుమతి ఇచ్చేటప్పుడే తెలుగులో ఒక పేజీ ఒప్పందం జత చేయించండి. తెరమీద తనుగానే కనబడే మనిషి పేరు, ఊరు, చేతికిచ్చిన సొమ్ము, పాట మళ్లీ మళ్లీ అమ్ముడైతే రావాల్సిన వాటా అందులో రాయాలి. సంతకం రానివాళ్లకి చదివి వినిపించాకే వేలిముద్ర తీసుకోవాలి. నకలు ఒకటి ఆ ఇంట్లో ఉండాలి, ఇంకోటి మీ శాఖలో.