ఏది వెంట రావాలి? ఏది రాకూడదు?
(జాంబీ ఆటల్లో గన్ అప్‌గ్రేడ్‌ల గురించి ఒక అభిప్రాయం)



వార్షికోత్సవ సంచిక అనగానే క్రమశిక్షణ, సమయపాలన, మహనీయుల ఆశయాలు వంటి విషయాలపై వ్యాసాలు వస్తాయి. అవి తప్పకుండా రావాలి. అయితే రాత్రి స్టడీ అవర్ అయిపోయాక మన గదుల్లో ఏ చర్చ నడుస్తుందో మనందరికీ తెలుసు. "అన్నా, ఆ మోడ్‌లో కష్టపడి పెంచిన గన్ ఈ మోడ్‌లోకి ఎందుకు రావట్లేదు?" అని నన్ను అడగని తమ్ముడు లేడు. పైకి ఇది పిల్లల ప్రశ్నలా కనిపిస్తుంది. కానీ కాస్త లోతుగా చూస్తే కష్టానికి ఫలితం ఎంతవరకు ఉండాలి, అందరూ ఒకే చోట నుండి మొదలుపెట్టాలా వద్దా అనే పెద్ద ప్రశ్న ఇందులో దాగి ఉంది. అందుకే ఈ వ్యాసం.

వార్డెన్ గారు, తల్లిదండ్రులు కూడా ఈ సంచిక చదువుతారు కనుక ముందుగా రెండు మాటలు. జాంబీ అంటే చచ్చి లేచిన శవం. గుంపులు గుంపులుగా మీదికి వచ్చే జాంబీలను కాల్చుకుంటూ వీలైనంతసేపు బతకడమే ఆట. ఒకే ఆటలో రకరకాల పద్ధతులు ఉంటాయి. జాంబీల మీద ఆడేది ఒకటి, మనుషులు మనుషుల మీద ఆడేది ఒకటి, కథ నడిచేది ఒకటి. వీటినే మోడ్‌లు అంటారు. గన్‌కి బలం పెంచడం, దూరం చూసే అద్దం బిగించడం, ఎక్కువ తూటాలు పట్టేలా చేయడం వంటివన్నీ అప్‌గ్రేడ్‌లు. ఒక మోడ్‌లో చేసిన అప్‌గ్రేడ్ ఇంకో మోడ్‌లో పనిచేయాలా అన్నదే మన ప్రశ్న.

దీనికి సమాధానం దొరకాలంటే పాత లెక్క ఒకటి చూడాలి. 2008లో వచ్చిన కాల్ ఆఫ్ డ్యూటీ: వరల్డ్ ఎట్ వార్‌లో ట్రెయార్క్ సంస్థ జాంబీ మోడ్‌ను ప్రవేశపెట్టింది. అందులో ఎంత గొప్ప ఆటగాడైనా 500 పాయింట్లతో, ఒక చిన్న పిస్తోలుతో మొదలుపెట్టాల్సిందే. తూటా తగిలితే 10 పాయింట్లు. తలకు గురిపెట్టి చంపితే 100. దగ్గరికి వెళ్ళి కత్తితో చంపితే 130. ఆ పాయింట్లతోనే గోడ మీది గన్‌లు కొనాలి, తలుపులు తెరవాలి. 2009 ఆగస్టులో డెర్ రీసె అనే మ్యాప్‌తో పాటు ప్యాక్-ఎ-పంచ్ అనే యంత్రం వచ్చింది. 5,000 పాయింట్లు పెడితే చేతిలో ఉన్న గన్‌ను ఎన్నో రెట్లు బలంగా మార్చి ఇస్తుంది. మ్యాచ్ అయిపోతే ఆ గన్ కూడా పోతుంది. మళ్ళీ అదే 500, అదే పిస్తోలు.

"ఎందుకంత కఠినం?" అంటారేమో. జాంబీల ప్రాణం లెక్క చూడండి. మొదటి రౌండ్‌లో ఒక్కో జాంబీకి 150. రౌండ్‌కు 100 చొప్పున పెరిగి తొమ్మిదో రౌండ్‌కు 950 అవుతుంది. పదో రౌండ్ నుండి ప్రతిసారీ పది శాతం పెరుగుతుంది. అంటే చక్రవడ్డీ అన్నమాట! ఇరవయ్యో రౌండ్‌కు సుమారు 2,700, ముప్పయ్యో రౌండ్‌కు సుమారు 7,000. ఈ పెరుగుదలకు పోటీగానే ప్యాక్-ఎ-పంచ్‌ను పెట్టారు. ముప్పయ్యో రౌండ్ కోసం తయారైన గన్‌ను మొదటి రౌండ్‌లోకి తెచ్చుకుంటే, 150 ప్రాణమున్న జాంబీ ఒక్క తూటాకే పడిపోతుంది. అక్కడ భయమూ లేదు, ఆటా లేదు. ఇంకో తమాషా ఏమిటంటే, తగిలిన ప్రతి తూటాకూ 10 పాయింట్లు వస్తాయి కనుక, బలమైన గన్ ఉన్నవాడికి ఒక్కో జాంబీ మీద పాయింట్లు తక్కువే వస్తాయి. అందుకే తెలిసినవాళ్ళు మొదటి రౌండ్లలో పిస్తోలుతో కొంత కాల్చి, చివరికి కత్తితో ముగిస్తారు.

ఈ నియమాన్ని సడలిస్తే ఏమవుతుందో కూడా అదే సంస్థ చేసి చూసింది. 2012 నవంబర్‌లో వచ్చిన బ్లాక్ ఆప్స్ 2లో, ట్రాన్జిట్ అనే మ్యాప్‌లో ఒక బ్యాంకు, ఒక ఫ్రిజ్ పెట్టారు. బ్యాంకులో వెయ్యి చొప్పున పాయింట్లు దాచుకుని తరువాతి మ్యాచ్‌లో తీసుకోవచ్చు. తీసేటప్పుడు 100 పాయింట్ల కోత ఉంటుంది. గరిష్ఠంగా రెండున్నర లక్షల వరకు దాచవచ్చు. ఫ్రిజ్‌లో ఒక గన్ దాచుకోవచ్చు, అది ప్యాక్-ఎ-పంచ్ చేసిన గన్ అయినా సరే. తరువాత వచ్చిన డై రైజ్, బరీడ్ మ్యాప్‌లలో కూడా ఈ సదుపాయం ఉంది. వినడానికి ఎంతో బాగుంది కదా! కానీ జరిగిందేమిటి? బ్యాంకు నిండా పాయింట్లు ఉన్నవాడు మొదటి రెండు మూడు రౌండ్లలోనే అన్నీ కొనేసి కూర్చుంటాడు. అదే మ్యాచ్‌లోకి కొత్తగా వచ్చినవాడు 500 పాయింట్లతో తలుపు దగ్గర నిలబడి చూస్తుంటాడు. ఇద్దరూ ఒకే జట్టు, ఆడేది మాత్రం ఒకే ఆట కాదు. 2013లో వచ్చిన మాబ్ ఆఫ్ ది డెడ్, ఆరిజిన్స్ మ్యాప్‌లలో బ్యాంకు లేదు. 2015 నాటి బ్లాక్ ఆప్స్ 3లో కూడా లేదు.

అలాగని ఏదీ వెంట రాకూడదనడం కూడా అన్యాయమే. పది రోజులు ఆడినవాడికీ మొదటి రోజు వచ్చినవాడికీ తేడా ఏమీ లేకపోతే ఆడాలనే ఉత్సాహం ఎక్కడి నుండి వస్తుంది? ఈ చిక్కుకు నాకు బాగా నచ్చిన పరిష్కారం 2020 నవంబర్‌లో వచ్చిన బ్లాక్ ఆప్స్ కోల్డ్ వార్‌లో కనిపిస్తుంది. అందులో అప్‌గ్రేడ్‌లను మూడు అంతస్తులుగా విడగొట్టారు.

మొదటిది గన్ లెవల్. దీనితో అద్దాలు, పిడులు, పెద్ద మ్యాగజైన్లు వంటివి ఒక్కొక్కటిగా తెరుచుకుంటాయి. ఈ లెవల్ అన్ని మోడ్‌లకూ ఉమ్మడి. జాంబీ మోడ్‌లో పెంచిన గన్ మనుషుల మీద ఆడే మల్టీప్లేయర్‌లోకీ వస్తుంది, 2023 వరకు అప్పటి వార్‌జోన్‌లోకీ వచ్చేది. అక్కడ పెంచినది ఇక్కడికీ వస్తుంది.

రెండవది జాంబీ మోడ్‌కు మాత్రమే చెందిన నైపుణ్యాలు. ఆడుతుంటే ఈథీరియం స్ఫటికాలు దొరుకుతాయి. వాటితో ఒక్కో తరగతి గన్‌లకు శాశ్వతమైన మెరుగులు పెట్టుకోవచ్చు. ఇవి రౌండ్ల మ్యాప్‌లలోనూ పనిచేస్తాయి, 2021 ఫిబ్రవరిలో వచ్చిన ఔట్‌బ్రేక్‌లోనూ పనిచేస్తాయి. మల్టీప్లేయర్‌లోకి మాత్రం రావు.

మూడవది ఆ మ్యాచ్‌లో సంపాదించిన బలం. గన్ రంగు మార్చి స్థాయి పెంచడం, ప్యాక్-ఎ-పంచ్‌లో 5,000, 15,000, 30,000 పాయింట్లతో మూడు మెట్లు ఎక్కించడం ఇందులోకి వస్తాయి. మ్యాచ్ ముగిస్తే ఇవన్నీ సున్నా.

మన తమ్ముళ్ళ సందేహానికి జవాబు ఇక్కడే ఉంది. "నా గన్ రాలేదు" అనుకుంటాం. నిజానికి గన్ లెవల్ వచ్చింది, రౌండ్‌లో వచ్చిన బలం రాలేదు. ఆ రెండూ వేరు.

ఇతర ఆటల్లో కూడా ఎవరి దారి వారిది. 2008 నాటి లెఫ్ట్ 4 డెడ్‌లో గన్‌కి లెవల్ అనేదే లేదు. ఒక కథలోని అధ్యాయం నుండి అధ్యాయానికి చేతిలోని గన్ వస్తుంది. కొత్త కథ మొదలైతే మళ్ళీ మొదటికే. వెంట వచ్చేది అనుభవం ఒక్కటే. 2009లో వచ్చిన కిల్లింగ్ ఫ్లోర్‌లో ఆటగాడి నైపుణ్యం లెవల్ మ్యాచ్ నుండి మ్యాచ్‌కి వస్తుంది, గన్‌లు మాత్రం ప్రతి మ్యాచ్‌లోనూ ఆ మ్యాచ్ డబ్బుతోనే కొనుక్కోవాలి. ఒంటరిగా ఆడే ఆటల్లో పద్ధతి వేరు. 1999 నాటి రెసిడెంట్ ఈవిల్ 3లో మెర్సెనరీస్ అనే అదనపు మోడ్‌లో గెలిచిన డబ్బుతో అసలు కథలో వాడుకునే గన్‌లు కొనుక్కోవచ్చు. 2005 నాటి రెసిడెంట్ ఈవిల్ 4లో (ఇందులోని శత్రువులు అచ్చమైన జాంబీలు కారు, పరాన్నజీవి పట్టిన మనుషులు) కథ పూర్తిచేసి మళ్ళీ మొదలుపెడితే అప్‌గ్రేడ్ చేసిన గన్‌లు మన దగ్గరే ఉంటాయి. అయితే అందులోని మెర్సెనరీస్ మోడ్‌లోకి అవి రావు. అక్కడ స్కోరు కోసం పోటీ కనుక ఒక్కో పాత్రకు నిర్ణయించిన గన్‌లే ఇస్తారు. ఒంటరిగా ఆడేటప్పుడు మన బలం వల్ల నష్టపోయేవారు ఎవరూ లేరు, కాబట్టి రానిచ్చారు. పోటీ అనగానే ఆపేశారు. ఎంత చక్కని విచక్షణ!

ఇక నా మాట. మా ఇంట్లో డిగ్రీ చదివిన మొదటివాణ్ణి నేనే. మా నాన్న తాపీ పని చేస్తారు, అమ్మ కూలికి వెళుతుంది. నేను డిగ్రీ మొదటి సంవత్సరంలో చేరినప్పుడు, తరగతిలో కొందరికి ఇంట్లో ఇంగ్లీషు, పక్కన ట్యూషను, వెనకాల చదువుకున్న రెండు తరాలు ఉన్నాయి. వాళ్ళు పదో లెవల్‌లో, నేను పిస్తోలుతో. వాళ్ళ మీద నాకు కోపం లేదు. కానీ పరీక్ష హాలులో అందరికీ ఒకే ప్రశ్నపత్రం, అవే మూడు గంటలు దొరికినప్పుడు నాకు ఎంత ధైర్యం వచ్చిందో చెప్పలేను. నేను నేర్చుకున్నది నా వెంట హాలులోకి వచ్చింది. ఎవరి ఆస్తీ లోపలికి రాలేదు. ఆటకూ ఇదే నియమం ఉండాలని నేను కోరుకుంటాను. నేర్చినది రావాలి, సౌకర్యం కొంత రావాలి, అవతలివాడిని ముందే ఓడించే బలం మాత్రం రాకూడదు.

అసలు ప్రమాదం డబ్బు దగ్గర ఉంది. మన చేతుల్లో ఉన్నవి ఫోన్ ఆటలు. 2013లో వచ్చిన డెడ్ ట్రిగ్గర్ 2లో గన్‌ను అప్‌గ్రేడ్ చేయడానికి పెడితే అది పూర్తయ్యేవరకు ఆగాలి. ఆగలేకపోతే బంగారం ఖర్చుపెట్టాలి. ఆ బంగారం ఆటలో కొద్దికొద్దిగా దొరుకుతుంది, అసలు డబ్బుకైతే వెంటనే దొరుకుతుంది. ఫ్రీ ఫైర్‌లో (2022 ఫిబ్రవరిలో మన దేశంలో దీన్ని నిషేధించారు) కొన్ని గన్ స్కిన్‌లు రంగుతో పాటు దెబ్బ తీవ్రతనూ కాల్చే వేగాన్నీ మార్చేవి. బీజీఎంఐలో స్కిన్‌లు ఎంత ఖరీదైనవైనా చూపుకే పరిమితం, తూటా బలం మారదు. ఇలా చూపుకు మాత్రమే పనికొచ్చేవాటిని ఆటల భాషలో 'కాస్మెటిక్' అంటారు. మన హాస్టల్ భాషలో కాస్మెటిక్ చార్జీలు అంటే సబ్బుకూ నూనెకూ ఇచ్చే డబ్బులు. ఆ కాస్మెటిక్ డబ్బులు ఈ కాస్మెటిక్‌లకు పోతున్నాయంటే నవ్వాలో ఏడవాలో మీరే చెప్పండి!

కనుక తమ్ముళ్ళారా, ఒక అప్‌గ్రేడ్ కోసం రాత్రి నిద్ర గానీ, చేతిలోని రూపాయి గానీ ఖర్చుపెట్టే ముందు మూడు ప్రశ్నలు వేసుకోండి. ఒకటి, ఇది మ్యాచ్‌తో పోయేదా, అకౌంట్‌లో నిలిచేదా? రెండు, నిలిచేదైతే ఏయే మోడ్‌లలో పనిచేస్తుంది? మూడు, మనుషుల మీద ఆడే మోడ్‌లో ఇది బలాన్ని పెంచుతుందా? మూడో ప్రశ్నకు జవాబు 'అవును', దారి డబ్బు ఒక్కటే అయితే ఆ ఆటలో మనలాంటివాళ్ళకు స్థానం లేదని అర్థం. దాన్ని వదిలేయడంలో చిన్నతనం ఏమీ లేదు. ఇంకొక మాట. ఒకే ఫోన్‌లో నలుగురు ఆడేటప్పుడు ఎవరి అకౌంట్‌తో వాళ్ళు ఆడండి. చాలా ఆటల్లో లెవల్ ఉండేది అకౌంట్‌లోనే, ఫోన్‌లో కాదు. ఈ ఒక్క విషయం తెలియక మన గదుల్లో ఎన్ని తగవులు వచ్చాయో!

ఆట తయారుచేసేవారికి నా విజ్ఞప్తి కూడా ఇదే. ఏ అప్‌గ్రేడ్ ఏ మోడ్‌లోకి వస్తుందో, ఏది రాదో గన్ పక్కనే స్పష్టంగా రాయండి. ఆదివారం ఒక్క గంట, అదీ స్నేహితుడి ఫోన్‌లో ఆడే కుర్రాడు మొదటి రౌండ్‌లో అందరితో సమానంగా నిలబడేలా చూడండి. ముప్పయ్యో రౌండ్‌కు వాడే చేరుకుంటాడు.

ఇది నా అభిప్రాయం మాత్రమే. కష్టపడి సంపాదించినదంతా వెంట రావాల్సిందేనని వాదించే మిత్రులు మనలో చాలామంది ఉన్నారు. వారు తమ వాదన వచ్చే సంచికలో రాయాలని కోరుకుంటూ, అందరికీ వార్షికోత్సవ శుభాకాంక్షలతో సెలవు.

— ఎం.ఎస్సీ. (గణితశాస్త్రం) విద్యార్థి