ఎడ్డీ గార్సియా రెండు వేషాలు

ఫిలిప్పీన్స్ నటుడు ఎడ్డీ గార్సియా 1970లో లీనో బ్రోకా తీసిన ‘తుబోగ్ సా గింతో’లో డాన్ బెనిటో వేషం కట్టాడు. సంసారం, డబ్బు, పరువు అన్నీ ఉన్న పెద్దమనిషి. మనసు మాత్రం మగవాళ్ల మీద. ఆ గుట్టు తెలిసిన డ్రైవరు బెదిరించి పీల్చి పిప్పి చేస్తాడు. 2012లో జున్ లానా ‘బ్వాకావ్’లో అదే గార్సియా రెనె అయ్యాడు. వయసంతా గడిచిపోయాక గానీ తాను గే అని ఒప్పుకోని, చావుకు అన్నీ సిద్ధం చేసుకుని కూర్చున్న చిరచిరలాడే ముసలాయన. తోడు ఒక వీధికుక్క.

రెండిట్లో ఏది ఎక్కువ తెగింపంటే నేను రెండోదే అంటాను. డాన్ బెనిటో కథను నడిపేది గుట్టు. రెనె కథలో బ్లాక్‌మెయిల్ లేదు, ఊరించడానికి పడుచు దేహమూ లేదు. ముసలితనం, ఒంటరితనం, ఆలస్యంగా పుట్టిన ప్రేమ. వీటితో టికెట్లు తెగుతాయని ఏ నిర్మాత నమ్ముతాడు?

మామూలుగా తెగింపును సెన్సారు కత్తెరతో కొలుస్తాం. ఆ పోరాటాలు చిన్నవేం కావు. నియంత మార్కోస్ కాలంలో దర్శకుడు ఇష్మాయిల్ బెర్నాల్ తీసిన ‘మనీలా బై నైట్’లోంచి ఊరి పేరే తీసేయించారు. కానీ డిజిటల్ కెమెరా వచ్చాక చవగ్గా తీసిన గే సినిమాలు వెల్లువెత్తాయి. ఒక అందగాడు, ఒక స్నానాల సీను, పేరుకో కథ. పెద్దలకు మాత్రమే అన్న సినిమాలను అక్కడ సినిమా హాళ్లు నడిపే ఎస్‌ఎం మాల్స్ అప్పట్లో ఆడనిచ్చేవి కావు. దొరికిన కొద్ది హాళ్లకే వెళ్లి చూసినవాళ్లను తప్పుపట్టను. వాళ్లకు ఇంకెక్కడా చోటు లేదు. ఆ సినిమాలను సాహసం అనమంటే మాత్రం అనను. అది లెక్క తెలిసిన బేరం.

2005లో స్వతంత్ర సినిమాల ఉత్సవం సినిమలయ మొదటిసారి జరిగినప్పుడు ఇచ్చిన 5 లక్షల పెసోల సాయంతో దర్శకుడు ఔరేయస్ సొలితో ‘మాక్సిమో ఒలివెరోస్’ తీశాడు. సాహసం అక్కడుంది. మనీలా మురికివాడలో పన్నెండేళ్ల మాక్సీ, తల్లిలేని ఇంట్లో వంట చేస్తాడు, బట్టలు కుడతాడు, పూలు పెట్టుకుంటాడు. తండ్రీ అన్నలూ చిల్లర దొంగలు. అయినా వాణ్ణి వెక్కిరించరు, నెత్తిన పెట్టుకుంటారు. వాడు మనసు పడింది ఒక కుర్ర పోలీసు మీద. పిల్లవాడి ఇష్టాన్ని పెద్దవాడి వైపు తిప్పి, ఎక్కడా వెకిలిగా జారకుండా నడపడం కత్తిమీద సామే. రచయిత్రి మిచికో యమమోతో ఆ ఇష్టాన్ని కుటుంబం మీద ప్రేమకు అడ్డం తెచ్చి, వాణ్ణి ఎటూ తేల్చుకోలేని చోట నిలబెట్టింది. బెర్లిన్ చిత్రోత్సవంలో గే, ట్రాన్స్ కథల సినిమాలకిచ్చే టెడ్డీ అవార్డు వచ్చిన సంగతి సరే. ఆ అన్నల్ని అలా రాయడమే అసలు విశేషం.

2016 క్రిస్మస్‌కి మెట్రో మనీలా సినిమా ఉత్సవం ఎప్పుడూ ఉండే స్టార్ కామెడీలను పక్కనబెట్టి, లానా తీసిన ట్రాన్స్ మహిళ కథ ‘డై బ్యూటిఫుల్’కు చోటిచ్చింది. జనం విరగబడి చూశారు. మరుసటి ఏడాదే స్టార్లు మళ్లీ వచ్చేశారు. ఇలాంటి కథలకు జనం రారన్న వంక చెప్పి హాళ్లు ఇవ్వని పెద్దమనుషులు ఆ క్రిస్మస్ లెక్కలు ఒకసారి తిరగేసుకోవాలి.