లారీ నడపడం కాదు, ఆపడం కష్టం

హిస్టరీ చానల్ వాళ్ళ 'ఐస్ రోడ్ ట్రకర్స్' చూసే ఉంటారు. 2009 సీజన్‌లో లీసా కెల్లీ అలాస్కా మంచు మీద పెద్ద ట్రక్కు నడుపుతుంది. 2010లో ఆవిణ్ణే మన హిమాలయాలకి తీసుకొచ్చి, సిమ్లా వైపు ఘాట్ రోడ్ల మీద లారీ ఇచ్చారు. చూస్తున్నంతసేపూ గుండె గుప్పిట్లోనే!

బాగానే ఉంది. కానీ ఇవన్నీ చూసి మనం "ఆడవాళ్ళు నడపగలరా?" దగ్గరే ఆగిపోతున్నాం. దానికి జవాబు ఎప్పుడో వచ్చేసింది. భోపాల్ యోగితా రఘువంశీ న్యాయశాస్త్రం చదివారు. భర్త పోయాక పిల్లల్ని పెంచడానికి 2000 దశకంలోనే లారీ ఎక్కారు. మన నల్గొండ జిల్లా సరిత 2015లో ఢిల్లీ డీటీసీలో మొదటి మహిళా బస్సు డ్రైవరయ్యారు.

మరి పోర్టూ, స్టీలు ప్లాంటూ ఉన్న మా వైజాగులో, గాజువాక రోడ్డు మీద ఇన్ని లారీల్లో ఒక్క ఆడ డ్రైవరూ నాకు కనపడలేదేం?

నాకు తోచింది ఇదీ. లారీ బతుకులో నడపడం సగమే, మిగతా సగం ఎదురుచూపు. లోడు కోసం, కాటా కోసం, గేట్ పాస్ కోసం, అన్‌లోడింగ్ కోసం. ఒక్కోసారి పూట, ఒక్కోసారి రోజు. మగాడైతే లారీ కింద తువ్వాలు పరుచుకుని పడుకుంటాడు, టైరు చాటున పని కానిచ్చేస్తాడు. ఆడమనిషి ఏం చెయ్యాలి? బస్సుకైతే ఒక టైమూ, ఒక డిపో ఉంటాయి. లారీకి అవేవీ లేవు.

2025 దాకా అమల్లో ఉన్న 1961 మోటారు రవాణా కార్మికుల చట్టం 8 గంటల పని, రాత్రి ఆగే చోట విశ్రాంతి గది ఉండాలనేది. కానీ అది ఐదుగురు, అంతకన్నా ఎక్కువమంది పనిచేసే సంస్థలకే వర్తించేది. ఒకటీ రెండూ లారీలున్న ఓనరు దగ్గర పనిచేసే డ్రైవరుకి ఏం ఒరిగినట్టు? 2025 అక్టోబర్ 1 నుంచి తయారయ్యే లారీలకి ఏసీ క్యాబిన్ తప్పనిసరి చేశారు. సంతోషం. క్యాబిన్ దిగాక సంగతేంటి?

మన సంగతే చూడండి. 2005లో బెంగళూరులో ఒక కాల్ సెంటర్ ఉద్యోగిని క్యాబ్ డ్రైవర్ చేతిలో హత్యకి గురయ్యాకే రాత్రి క్యాబుల మీద నిబంధనలు గట్టిపడ్డాయి. ఇప్పుడు నైట్ షిఫ్టులో "మా అమ్మాయిలకి ధైర్యం ఎక్కువ, వాళ్ళే వెళ్ళిపోతారు" అని ఏ మేనేజరైనా అంటే ఊరుకుంటామా? లారీ నడిపే ఆవిడ దగ్గరకొచ్చేసరికి మాత్రం ధైర్యాన్ని మెచ్చుకుని సరిపెట్టేస్తాం.

"ముందు ఆడ డ్రైవర్లని రానివ్వండి, అప్పుడు కడతాం" అంటారు కొందరు. కట్టలేదు కాబట్టి రారు, రాలేదు కాబట్టి కట్టరు. డెడ్‌లాక్ అంటే ఏంటో మనకి వేరే చెప్పక్కర్లేదుగా!

లోడింగ్ జరిగే ప్రతిచోటా లైట్లున్న పార్కింగు, గడియ పడే బాత్రూము, పడుకోడానికి ఒక గది, లోడింగుకి ముందే చెప్పిన టైము. ఎవరి సరుకు కోసం లారీ ఆగిందో వాళ్ళే ఖర్చు భరించాలి. ఇవి వస్తే మగ డ్రైవర్ల బతుకూ బాగుపడుతుంది.

ఈసారి ఎవరైనా డాక్యుమెంటరీ తీస్తే కెమెరా కొండ అంచున కాదు, లారీల క్యూలో పెట్టమనండి. మీరేమంటారు?