గోలు కొట్టనివాడి కథ

పిల్లల ఆటల నవలలు రాసేవారికి ఆఖరి నిమిషం గోలు పెద్ద ప్రలోభం. రెండు వందల పేజీలు జట్టు గురించి చెప్పి, చివరి పేజీలో గెలుపంతా ఒక్కడి చేతిలో పెడితే మిగతావాళ్లు వాడికి పల్లకీ మోసినవాళ్లవుతారు. కెనడాలో ఐస్ హాకీ చుట్టూ అల్లిన కథల్లో నాకు గొప్పవనిపించినవి గోలు కొట్టనివాడికి చోటిచ్చినవే. నిజానికి ఆ ఆట తీరే అలాంటిది. మంచు మీద ఒకసారికి జట్టుకు ఆరుగురే ఉంటారు. ముప్పావు నిమిషం పరిగెత్తేసరికి రొప్పు వస్తుంది. ఆట ఆగకుండానే వాళ్లు బెంచీకి చేరుకుంటే, కూర్చున్నవాళ్లు చెక్కగోడ దూకి దిగుతారు. గోలు పడితే కొట్టినవాడితో పాటు అంతకుముందు పక్ (ఆట బిళ్ల) అందించిన ఇద్దరి దాకా పేర్లు లెక్కల్లోకి ఎక్కుతాయి. ఇంత చక్కని పద్ధతి చేతిలో ఉండగా, ఒక్క వీరుణ్ణి పట్టుకు వేలాడే రచయిత ఆటను సరిగా చూడలేదనే అంటాను.

స్కాట్ యంగ్ సరిగా చూశాడు. 1952లో వచ్చిన 'స్క్రబ్స్ ఆన్ స్కేట్స్'లో పీట్ గోర్డన్ అప్పటికే పేరున్న ఆటగాడు. బడి మారి, విన్నిపెగ్‌లో అనుభవం లేని కొత్త జట్టులో చేరాల్సి వస్తుంది, అది అతనికి చిన్నతనంగా ఉంటుంది. అదే జట్టులో పోలండ్ నుంచి వలస వచ్చిన బిల్ స్పున్‌స్కాకి స్కేట్ల మీద నిలబడటమే ఇంకా పూర్తిగా రాదు. యంగ్ ఈ ఇద్దరినీ పక్కపక్కన నిలబెట్టాడు. అన్నీ వచ్చినవాడు ఏమీ రానివాడితో కలిసి ఆడటం నేర్చుకోవాలి. ఆ నేర్చుకోవడానికి కూడా పట్టుదల కావాలి. మరుసటి ఏడాది వచ్చిన 'బాయ్ ఆన్ డిఫెన్స్'లో ఆ బిల్‌నే కథానాయకుణ్ణి చేశాడు, అదీ డిఫెన్స్‌లో ఆడేవాణ్ణి.

పిల్లలకు గెలుపు కావాలి, ఇవన్నీ నీతిబోధలు అనేవారున్నారు. రోక్ కారియే 'ది హాకీ స్వెటర్' వాళ్లకు జవాబు. క్యూబెక్ పల్లెలో పిల్లలందరూ మాంట్రియల్ జట్టు ఆటగాడు మోరిస్ రిషార్ తొమ్మిదో నంబరు స్వెటర్ వేసుకుంటారు. ఒక్కడికి మాత్రం ఈటన్స్ కంపెనీ పొరపాటున ప్రత్యర్థి టొరంటో జట్టు స్వెటర్ పంపిస్తుంది. వాణ్ణి ఆటలోకి దింపరు. కోపంతో కర్ర విరగ్గొట్టుకుంటే పాదిరి చర్చికి తరుముతాడు. గోలూ లేదు, గెలుపూ లేదు. అయినా ఆ కథలోని వాక్యాలు కెనడా ఐదు డాలర్ల నోటు మీదికి ఎక్కాయి. జట్టు కలుపుకోవడమే కాదు, వెలివేస్తుంది కూడా అని పిల్లలకు తెలుసు; ఆ తెలిసినదాన్ని దాచనందుకే వాళ్లు ఆ కథను నమ్ముతారు.

పట్టుదల ఉంటే చాలు అనే మాట మరీ ప్రమాదం. రిచర్డ్ వాగమీస్ 2012లో రాసిన 'ఇండియన్ హార్స్' కాస్త పెద్ద పిల్లలు చదవాల్సిన నవల. ఒజిబ్వే కుర్రాడు సాల్, ఆదివాసీ పిల్లల్ని బంధించి ఉంచిన బడిలో గుర్రపు పేడ గడ్డలతో ఆట నేర్చుకుంటాడు. ప్రతిభా ఉంది, శ్రమా ఉంది. కానీ తెల్లవాళ్ల జాతిద్వేషం ఆటలోని ఆనందాన్నే లాగేసుకుంటుంది. కష్టపడితే గెలుస్తావని మాత్రమే చెప్పే పుస్తకం, ఓడిన పిల్లవాడితో తప్పంతా నీదే అంటోంది. అది అన్యాయం.

మంచు హాకీ మనకెందుకంటారా? మైదానం హాకీ మనదే. అప్పటి చిత్తూరు జిల్లా పల్లె నుంచి వచ్చిన రజని ఎతిమరపు టోక్యో ఒలింపిక్స్‌కు వెళ్లిన భారత మహిళల జట్టులో రెండో గోల్‌కీపర్. గోలు ముందు నిలబడే పని మొదటి గోల్‌కీపర్ సవితది. ఆ జట్టు కాంస్యం పోరులో బ్రిటన్ చేతిలో 3-4తో ఓడి నాలుగో స్థానంలో నిలిచింది. ఎప్పుడు పిలుపొస్తుందో, అసలు వస్తుందో రాదో తెలియకుండా రోజూ అంతే సాధన చేసే రెండో గోల్‌కీపర్ మీద పదేళ్ల పిల్లలు చదువుకోగలిగే తెలుగు నవల ఒకటి రావాలి. పతకం లేదని ఏ ప్రచురణకర్తా దాన్ని తిప్పి పంపకూడదు.