రాయలసీమ పిల్లోడికి ఎండ కావాలంట!

మొన్న మేలో పుంగనూరు పోయినప్పుడు మా ఇంట్లో అందరం కలిసి ఒక 16 ఏళ్ళ పిల్లాణ్ణి చూసి నవ్వాం. నవ్విన వాళ్ళలో నేనూ ఉన్నాను. అందుకే ఇది రాస్తున్నా.

వాడు మా అక్క కొడుకు. వాళ్ళది మదనపల్లె. ఇంటర్ మొదటి సంవత్సరం అయ్యింది, హాస్టల్ కాలేజీ. ఇచ్చిన సెలవులు 10 రోజులు. వచ్చినప్పట్నుంచీ ముఖం ముడుచుకుని ఒక మూల కూర్చున్నాడు. ఏంరా అంటే, "మామా, నన్ను బాలి తీసకపోతావా? బీచ్‌లో ఎండకి పడుకోవాల" అన్నాడు. మా బావ పకపకా నవ్వి, "పుంగనూరు ఎండ చాల్లేదంట దొరకి! ముందు ఎంసెట్‌లో ర్యాంకు తెచ్చుకో, తర్వాత ఆన్‌సైట్ పోదువులే" అన్నాడు. (దాని పేరు 2021లో ఈఏపీసెట్ అయ్యింది గానీ మా బావకి ఎప్పటికీ ఎంసెటే.)

రాత్రి మిద్దె మీద పడుకున్నప్పుడు వాడి టైంటేబుల్ అడిగాను. పొద్దున 5కి లేపుతారు. రాత్రి పదిన్నర దాకా క్లాసు, పరీక్ష, స్టడీ అవర్, మళ్ళీ స్టడీ అవర్. కింద క్లాసులు, పైన హాస్టలు, అంతా ఒకే బిల్డింగు. "మరి ఎండ ఎప్పుడు తగుల్తుందిరా?" అంటే కాసేపు ఆలోచించి, "ఆదివారం బట్టలు ఆరేసేటప్పుడు" అన్నాడు.

ఇక నాకు నవ్వు రాలేదు. బాలి ఎక్కణ్ణించి వచ్చిందంటారా? పోయినేడు ఫ్యామిలీ గ్రూపులో నేను పెట్టిన ఫోటోల్లోంచి.

రాత్రి 9కి కాల్ పెడితే మేనేజర్ని తిట్టుకునే జాతి మనది. అదే మన ఇంటి పిల్లలకి 17 గంటల షిఫ్టు వేసే కాలేజీకి లక్షలు కట్టి, "బాగా కేర్ తీసుకుంటారండీ" అని చెప్పుకుంటాం. వేసవి సెలవుల్లో క్లాసులు పెట్టొద్దని ఇంటర్ బోర్డు ఏటా చెబుతూనే ఉంటుంది. పెట్టమని అడిగేదెవరు? మనమే.

"మా కాలంలో ఫారిన్ ఎక్కడిది, హాయిగా లేమా?" అంటారు. ఉన్నాం, ఎందుకంటే మనకి సెలవులుండేవి. పరీక్షలైన మర్నాడే నేను కుప్పంలో మా పెద్దమ్మ ఇంట్లో తేలేవాణ్ణి. బావుల్లో ఈతలు, మిట్ట మధ్యాహ్నం గోలీలు. మూడు రాష్ట్రాలు కలిసే చోటు కదా, సైకిళ్ళేసుకుని తమిళనాడు పోయి ఐస్ తిని వచ్చేవాళ్ళం. అదే మా ఫారిన్ టూర్. జూన్‌లో తిరిగొస్తే మా అమ్మ నన్ను గుర్తుపట్టనట్టు నటించేది. వీడికి బాలీ లేదు, కుప్పమూ లేదు.

పిల్లాడి భవిష్యత్తు పెద్దవాళ్ళు ప్లాన్ చెయ్యడం మదనపల్లెకి కొత్త కాదు. జిడ్డు కృష్ణమూర్తి 1895లో అక్కడే పుట్టాడు. ఆయన్ని జగద్గురువుని చెయ్యాలని అనీబిసెంటు 1911లో ఇంగ్లండు తీసుకెళ్ళింది. అప్పుడాయనకీ 16 ఏళ్ళే. పిల్లల్ని తిరిగివ్వమని తండ్రి మద్రాసు హైకోర్టులో గెలిచి, 1914లో ప్రివీ కౌన్సిల్‌లో ఓడిపోయాడు. 1912లో రెండోసారి వెళ్ళిన కుర్రాడు మళ్ళీ ఇండియా చూసింది 1921 చివర్లో. ఇంతా చేస్తే లండన్ మెట్రిక్యులేషన్ పాసే కాలేదు. జగద్గురువు పదవిని కూడా 1929లో తనే వద్దని వదిలేశాడు.

మదనపల్లె దగ్గరే ఉన్న ఆయన రిషివ్యాలీ స్కూల్లో 'అస్తాచల్' అని ఒకటుంది. సాయంత్రం పిల్లలంతా మాట్లాడకుండా కూర్చుని పొద్దు గుంకడం చూస్తారు. ఆ ఫీజు అందరికీ అందేది కాదు, ఒప్పుకుంటా. కానీ సూర్యుడికి ఫీజు లేదు కదండీ? మా వాడి కాలేజీలో ఆ టైముకి వీక్లీ టెస్టు.

మర్నాడు బావతో పెద్ద గొడవ. "నీ కొడుకైతే ఇట్ల చేస్తావా?" అన్నాడు. నా కొడుకు ఇంకా ఆరో తరగతి, జవాబు చెప్పలేకపోయాను. అయినా వాణ్ణి బస్సెక్కించుకుని కుప్పం తీసుకుపోయాను. రెండో రోజుకే ముక్కు మీద తోలు ఊడింది. మూడుసార్లు అన్నం పెట్టించుకుని తిన్నాడు. బాలి మాట ఎత్తలేదు. కాలేజీకి రెండు రోజులు లేటు.

బావ ఇంకా నా ఫోన్ ఎత్తట్లేదు.