ఇంటర్వెల్ కబుర్లు: దేవదాసు పెరుగన్నం, డల్లాసు మిషను

ఈ వారం వచ్చిన ఉత్తరాల్లో సగం ఎవరు ఎవర్ని పెళ్లి చేసుకుంటున్నారన్న ప్రశ్నలే. ఆ బెంగ చేసుకునేవాళ్లకే వదిలేద్దాం. నా కళ్లు మాత్రం నల్లపాడు నుంచి ఓ తమ్ముడు రాసిన ఉత్తరం దగ్గర ఆగిపోయాయి.

అతని బాబాయి కొడుకు డల్లాసులో వుంటాడట. ఈ వేసవికి వస్తూ "మేడమీద ఫ్రోజెన్ మార్గరీటా పార్టీ చేద్దాంరా" అన్నాడట. బ్యాచ్ ఆరుగురు. అయిదుగురికి ఒకటే హుషారు. ఆరోవాడు ముట్టడు. వాళ్ల నాన్న తాగుడుతోనే పోయాడు. పార్టీ అన్నప్పుడల్లా వాడి చేతిలో ఓ కూల్‌డ్రింకు సీసా పెట్టి గోడవారగా కూర్చోబెడతారట. "ఈసారి వాడు గోడవారగా కూర్చోకూడదు సార్! మందు లేకుండా మార్గరీటా అవుతుందా? సినిమాల్లో గ్లాసుల్లో ఏం పోస్తారో మీకు తెలుసుగా, చెప్పండి" అని ఉత్తరం.

అవుతుంది తమ్ముడూ, భేషుగ్గా అవుతుంది. ముందు సినిమా గ్లాసు సంగతి చూద్దాం. అది మన ఏరియా!

తెరమీద గ్లాసుల్లో వుండేది కూల్‌డ్రింకో, పాలు పొయ్యని టీనో, రంగునీళ్లో. మత్తంతా మొహంలోనే వుండాలి. తెలుగులో తాగుబోతు అనగానే గుర్తొచ్చేది 1953 జూన్‌లో వచ్చిన "దేవదాసు". వేదాంతం రాఘవయ్యగారి డైరెక్షన్. ఆ వాలిపోయే రెప్పలు చూసి, అక్కినేని నిజంగానే పుచ్చుకుని నటించారేమోనని అనుకోని వాళ్లుండరు. అసలు కిటుకు ఏమిటనుకున్నారు? పెరుగన్నం! షూటింగు రాత్రిపూట పెట్టుకునేవారు. ఆయన కడుపునిండా పెరుగన్నం తినేవారు. నిద్ర ముంచుకొచ్చేది, రెప్పలు వాటంతటవే వాలేవి. కెమేరా తిరిగేది. అంతే.

ఇంకో తమాషా. "దేవదాసు" రిలీజైన నాటికి గుంటూరు జిల్లా ఇంకా మద్రాసు రాష్ట్రంలోనే వుంది. అక్కడ 1948 నుంచి రాష్ట్రమంతటా మద్యనిషేధం! అంటే, చట్టప్రకారం చుక్క దొరకని ఊళ్లల్లో జనం టిక్కెట్టు కొనుక్కుని మరీ ఒకడు తాగి తాగి చచ్చిపోవడం చూసి బావురుమన్నారన్నమాట. మరుసటేడు, 1954లో, ఆంధ్ర రాష్ట్రపు తొలి ముఖ్యమంత్రి ప్రకాశం పంతులుగారి ప్రభుత్వం పడిపోయిందీ ఈ నిషేధం గొడవ మీదే. అదీ ఒక్క ఓటు తేడాతో!

ఇక మార్గరీటా. ఈ పేరు వెనకాలా ఓ హీరోయిన్ కథ తిరుగుతూ వుంటుంది. "గిల్డా" (1946) సినిమాతో కుర్రకారుని వెర్రెత్తించిన రీటా హేవర్త్ అసలు పేరు మార్గరీటా కాన్సినో. పదహారేళ్లయినా సరిగ్గా నిండని రోజుల్లో మెక్సికో సరిహద్దు ఊళ్లో డాన్సు చేస్తుంటే ఎవరో ఆమె పేరు పెట్టారని కథ. చెప్పుకోడానికి బాగుంది గానీ, ఇలాంటి కథలు ఇంకో నాలుగున్నాయి. స్పానిష్‌లో మార్గరీటా అంటే డెయిజీ పువ్వు. అంతకు ముందే అమెరికాలో "డెయిజీ" అనే డ్రింకు వుండేది. నా ఓటు పువ్వుకే.

దాన్ని మంచులా గడ్డకట్టించింది మాత్రం అచ్చంగా డల్లాసే. 1971లో మరియానో మార్టినెజ్ అనే కుర్రాడు అక్కడ హోటలు పెట్టాడు. అప్పటికి అతనికి ఇరవై ఆరేళ్లు. జనం విరగబడ్డారు. బార్‌మన్ ఒక్కో గ్లాసుకీ ఐసు కొట్టి, నిమ్మకాయలు పిండి, మిక్సీ తిప్పలేక చేతులెత్తేశాడు. పైగా ఒక గ్లాసు పుల్లన, ఒకటి చప్పన. మర్నాడు మరియానో ఓ సెవెన్-ఎలెవెన్ షాపులో పిల్లలు తాగే చల్లటి స్లర్పీ మిషను చూశాడు. బుర్రలో బల్బు వెలిగింది! ఓ పాత సాఫ్ట్ ఐస్‌క్రీం మిషను సంపాదించి, ఓ స్నేహితుడి సాయంతో దాన్ని కెలికి కెలికి, మే 11న మొదటి గ్లాసు దింపాడు. పేటెంటు మాత్రం తీసుకోలేదు, పాపం. ఆ మిషను 2005లో వాషింగ్టన్‌లోని స్మిత్సోనియన్ మ్యూజియంకి చేరింది. కాబట్టి తమ్ముడూ, మీ డల్లాసు అన్నయ్య బడాయి పోవడంలో కొంత న్యాయం వుంది.

కొంతే! మిగతా న్యాయం మనవైపుంది. మెక్సికోవాళ్లు వాడే ఆ చిన్న నిమ్మకాయ వాళ్ల సొంత సొత్తు కాదు. మన తెనాలి, గూడూరు మార్కెట్లకి బస్తాల్లో వచ్చే నాటు నిమ్మ జాతే అది. ఆసియాలో పుట్టి, అరబ్బుల చేతులమీదుగా స్పెయిన్ చేరి, స్పెయిన్‌వాళ్లతో ఓడెక్కి అక్కడికి పోయింది. మరి అటునుంచి ఇటొచ్చిందేమిటి? మిరపకాయ! పోర్చుగీసువాళ్లు తెచ్చింది. గుంటూరు మిర్చియార్డులో కొండల్లా పడివుండే ఆ ఎర్ర బస్తాల ముత్తాతలది మెక్సికో వైపే. నిమ్మకాయ ఇచ్చి మిరపకాయ పుచ్చుకున్నాం. అక్కడివాళ్లూ జామకాయకీ మామిడి ముక్కకీ ఉప్పూ కారం అద్దుకునే తింటారు, మన బస్టాండుల్లో లాగే.

ఇక మందు భాగం. టెకీలాని కిత్తనార చుట్టం లాంటి నీలి కిత్తలి దుంప నుంచి తీస్తారు. 1974 నుంచి మెక్సికోలో ఫలానా ప్రాంతాల్లో తయారైతేనే ఆ పేరు పెట్టుకోవాలని రూలు. అన్నట్టు, రైలుకట్ట పక్కన కిత్తనార కనపడింది కదా అని కోసి పిండేరు! ఆ రసం తగిలితే ఒళ్లు దద్దుర్లెక్కుతుంది.

సరే, ఇంట్లో చెయ్యడం. నల్లపాడులోనే మా పెద్దమ్మ వుంటుంది. ఊరు 2012లో గుంటూరు కార్పొరేషన్లో కలిసిపోయినా మా పెద్దమ్మ మాత్రం ఇప్పటికీ "గుంటూరెళ్లొస్తా" అనే అంటుంది. మొన్న ఆదివారం వాళ్ల వంటింట్లోనే, మేనకోడలు అసిస్టెంటుగా, ఈ పని పెట్టుకున్నాను.

అందరూ చేసేది ఏమిటంటే మిక్సీలో ఐసుముక్కలు పడేసి, నిమ్మరసం పోసి గిర్రున తిప్పడం. మే నెల గుంటూరులో అది రెండు నిమిషాల్లో నీళ్లు. మిక్సీ వేడి ఒకటి, బయటి వేడి ఒకటి. పైగా పెద్ద ముక్కలకి బ్లేడు విరుగుతుంది. ఐసు విడిగా కలపకూడదు తమ్ముడూ. కలిపిన రసాన్నే ఐసు చెయ్యాలి.

ఇక్కడే కాస్త సైన్సు. ఉత్త నీళ్లు సున్నా డిగ్రీల్లో రాయైపోతాయి. ఇంటి ఫ్రీజరు చల్లదనం మైనస్ 18 దాకా. సారా కలిసినది అక్కడా సరిగ్గా గడ్డకట్టదు, అందుకే మార్గరీటా మెత్తగా వుంటుంది. మందు లేనప్పుడు ఆ పని పంచదార చెయ్యాలి. పంచదార తక్కువైతే రాయి, మరీ ఎక్కువైతే పాకం. మొత్తం బరువులో వందకి పదిహేను, పదహారు పాళ్లుంటే తడి ఇసకలా పలుకు పలుకుగా కడుతుంది. చల్లగా వున్నప్పుడు నాలిక్కి తీపి తక్కువ తెలుస్తుంది గనక భయపడక్కర్లేదు.

ఆరుగురికి లెక్క ఇదీ. పది పన్నెండు నిమ్మకాయల రసం, అంటే 150 మిల్లీలీటర్లు. బత్తాయి రసం 150. కాచి చల్లార్చిన నీళ్లు 700. పంచదార 180 గ్రాములు. చిటికెడు ఉప్పు. కమలాపండు దొరికితే తొక్క మీది రంగు పొర మాత్రం కాస్త తురిమి వెయ్యి, అసలు మార్గరీటాలో కమలా తొక్క వాసనే వుంటుంది. తెల్ల పొర పడితే చేదు. పంచదార పూర్తిగా కరిగాక వడగట్టి, వెడల్పాటి స్టీలు పళ్లెంలో పోసి ఫ్రీజర్లో పెట్టు. గంట తర్వాత నుంచి అరగంటకోసారి ఫోర్కుతో అంచుల నుంచి గీకుతూ వుండాలి. నాలుగైదు గంటల పని. సినిమాకి పోయొద్దామనుకుంటే కుదరదు! ఎవరో ఒకరు ఇంట్లో వుండాల్సిందే. ఆఖర్న, ముందే ఫ్రీజర్లో పెట్టిన మిక్సీ జారులో వేసి పది సెకండ్లు, అంతే, ఆగి ఆగి తిప్పు.

ఫ్రీజరు సరిగా లేకపోతే? బకెట్లో మూడు పాళ్లు పగలగొట్టిన ఐసు, ఒక పాలు రాళ్లుప్పు కలుపు. చినగంజాం ఉప్పయితే మరీ బాగు, మనదేగా! మైనస్ పదిహేను దాటి దిగిపోతుంది. మూత గట్టిగా వున్న స్టీలు డబ్బాలో రసం పోసి అందులో పాతి తిప్పుతూ వుండటమే. ఆ ఉప్పు ఐసు వట్టి చేత్తో పట్టుకోకు, కాలినట్టే అవుతుంది. ఫ్యాక్టరీ ఐసు దిమ్మ డబ్బా బయటే వుండాలి, గ్లాసులోకి రాకూడదు.

పెద్దమ్మ ఇదంతా గుమ్మంలో నిలబడి చూసి, "ఏందిరా అబ్బాయ్, నిమ్మకాయ నీళ్లకి ఇంత సంబడమా?" అంది. జీలకర్ర పొడి డబ్బా కూడా తీసింది. చేతులు పట్టుకుని ఆపాను. అది వేస్తే మంచి మజ్జిగ గుర్తొస్తుంది, మార్గరీటా కాదు. తాగి, మూతి తుడుచుకుని, "ఉప్పు బాగా పడిందిరా" అంది. రెండో గ్లాసు అడిగింది కూడా.

ఇక అసలు ప్రశ్న. "అయిదుగురికీ మందుది, వాడికి వేరేది చెయ్యనా?" అని కూడా రాశావు. వొద్దు. రెండు జగ్గులు పెడితే వాడు మళ్లీ గోడవారకే. మన రాష్ట్రంలో ఇరవై ఒక్కటి నిండనివాడికి మందు అమ్మడం నేరమని కూడా నీకు తెలుసు, మీ బ్యాచ్‌లో ఎంతమందికి నిండాయో నాకు తెలీదు. నెల్లూరు జిల్లా దూబగుంటలో రోశమ్మగారూ మిగతా ఆడవాళ్లూ సారా కొట్టు మూయించి కదిలిస్తే రాష్ట్రమే కదిలింది. 1993 అక్టోబరులో సారా బందయింది. ఆ మాట పట్టుకునే ఎన్టీఆర్ 1995 జనవరిలో పూర్తి నిషేధం పెట్టారు. 1997లో అది ఎత్తేశారు, అది వేరే కథ. ఆ ఆడవాళ్ల ఇళ్లల్లో జరిగిందే మీ ఆరోవాడి ఇంట్లోనూ జరిగింది. అందుకని ఒక్కటే జగ్గు, ఆరుగురికీ అదే. మీ డల్లాసు అన్నయ్యకి నచ్చకపోతే అతన్ని నాకు ఉత్తరం రాయమను, వాదించడానికి నేను రెడీ.

అన్నట్టు గ్లాసు అంచు మర్చిపోయాను. రెండు చెంచాల ఉప్పులో అర చెంచా కారం, చిటికెడు పంచదార. కారం తేజ రకంది మాత్రం వొద్దు, పెదాలు మండిపోతాయి. సన్నం చాలు. రంగే కావాలంటే బ్యాడిగి. అంచుకి నిమ్మచెక్క రాసి, పళ్లెంలో అద్దు. సగం అంచుకే అద్దు సుమా, మిగతా సగం ఖాళీగా వదిలెయ్. కారం వద్దనుకున్నవాడు గ్లాసు అటు తిప్పుకుని తాగుతాడు.