వేట ఆగితే మన తట్ట నిండుతుందా? భృతిలో మన పేరేదీ?

అక్కల్లారా! చెల్లెళ్లారా! జాలరిపేట అమ్మల్లారా!

ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా, 61 రోజులు మరపడవ కదలదు. చేపలు గుడ్లు పెట్టే కాలం, కదలకూడదు. ఒప్పుకుంటున్నాం. పడవెక్కే మగాడికి ప్రభుత్వం భృతి ఇస్తోంది. 4,000 ఉన్నదాన్ని 2019లో 10,000 చేశారు, 2025లో 20,000 చేశారు. ఇవ్వాల్సిందే! అది మనవాళ్ల హక్కు. మరి ఆ చేపని కొని, మోసి, వీధివీధి తిరిగి అమ్మేదెవరు? ఎండబెట్టేదెవరు? వేట ఆగిన రోజే మన బేరమూ ఆగింది కదా! మన పేరు ఏ లిస్టులో ఉంది?

ఇంట్లో మగాడికి ఇచ్చాం కదా అంటారు. మొగుణ్ని సముద్రం మింగేసిన ఇంట్లో పడవెక్కేదెవరు? ఆ పిల్లలకి 61 రోజులు ఆకలెయ్యదా?

పోనీ, వేట ఉన్నప్పుడు మిగిలేదేంటి? తెల్లారకముందే హార్బర్‌లో చేపల వేలంపాట. పాటలో నిలబడాలంటే చేతిలో రొక్కం ఉండాలి. రోజువడ్డీవాడు 900 చేతిలో పెడతాడు, సాయంత్రానికి 1,000 కట్టమంటాడు. ఐసుకి కొంత, ఆటోకి కొంత. మధ్యాహ్నానికి కానాగంతలు మెత్తబడతాయి. చీకటి పడితే అడిగిన రేటుకి ఇచ్చెయ్యాల్సిందే. వడ్డీ మాత్రం పైసా తగ్గదు! ఎండుచేపల అక్కల చేతులు చూశారా? ఉప్పుకి వేళ్ల సందులు చీలిపోయుంటాయి. అన్నం కలుపుకుంటే మంట! ఒక్క వాన పడితే ఆరేసిన నెత్తళ్లన్నీ పాడు. ఆ నష్టం ఎవడు భరిస్తున్నాడు?

రోడ్డు పక్క కూర్చుంటే లేపేస్తారు. సర్వే చేసి పత్రం ఇచ్చేదాకా ఎవర్నీ లేపకూడదని 2014 వీధి వ్యాపారుల చట్టమే చెబుతోంది! 2025 ఆగస్టు 15 నుంచి ఆడవాళ్లకి బస్సు ఉచితం. మంచిదే. చేపల తట్టతో ఎక్కనిస్తారా? తిరువనంతపురంలో చేపలమ్మే ఆడవాళ్ల కోసమే 2021లో ‘సముద్ర’ బస్సులు వేశారు. అక్కడ అయిన పని విశాఖలో ఎందుకు కాదు?

చేపలమ్మే, ఎండబెట్టే ప్రతి ఆడమనిషికీ నిషేధ భృతి ఇవ్వాలి! పొద్దుటి పెట్టుబడికి బ్యాంకు అప్పివ్వాలి! తట్టతో బస్సెక్కనివ్వాలి!

సోమవారం కలెక్టరాఫీసులో అర్జీలు తీసుకుంటారు. పెదజాలరిపేట, గంగవరం, భీమిలి, అందరూ కదలండి. ఖాళీ తట్టలతోనే రండి. అన్నల్లారా, తమ్ముళ్లారా, మీరూ రండి, మీ వలలో పడ్డ చేపని డబ్బు చేసేది మేమే! అర్జీకి రసీదు చేతికొచ్చేదాకా ఒక్కరు కూడా వెనక్కి తిరగొద్దు!